మూడు వరుసల నలుపు

తిరుపతయ్య పలక మీద అడ్డంగా ఒక గీత గీసి, తడిగుడ్డతో తుడిచి, వెలుతురుకు ఎత్తి చూశాడు. గీత ఆనవాలు లేకుండా పోయింది. అట్లా పోతేనే మంచి పలక. చట్రం బిగించిన పలకను రాసి తుడిచి చూడడం ఆ పలకల కొట్లో ఆనవాయితీ. తక్కినవాళ్లు శ్రీకారమో, బిడ్డ పేరో రాస్తారు. ఈయన ఈ మూడేళ్లలో ఒక్క అక్షరం రాస్తే ఒట్టు. ఉత్త గీతే.

నోరు కూడా అంతే లెండి. యాభై దాటిన మనిషి, ఎండిన తుమ్మకట్టెలాగా ఉంటాడు. కనుబొమలు నెరిశాయో, రాతిపొడి పట్టిందో చెప్పలేం. పెళ్లాం పోయింది, పిల్లల్లేరు. ఆ పొద్దున మార్కాపురం బజారులో ఓట్ల జీపు మైకులో అరుచుకుంటూ పోతే, కొట్లో అందరూ ఎవరికి వేయాలని ఒకటే వాదన. ఆయన్నడిగితే దగ్గి ఊరుకున్నాడు. ఇరవయ్యేళ్లు మిలటరీలో మెలిగిన నోరది. అక్కడ ప్రతి శనివారం ఆఫీసరు కూర్చోబెట్టి పాఠం చెప్పేవాడు: ఏ పత్రిక చదవాలి, దేశం గురించి ఏమనుకోవాలి, ఇంటికి ఏం రాయకూడదు. సిపాయికి చెవులు రెండు, నోరొకటి, ఆ నోరూ సర్కారుదే. పాఠం తిరుపతయ్యకు బాగానే ఒంటబట్టింది.

చైనాతో యుద్ధమొచ్చినప్పుడు, తెలుగు చదవగలడని ఆయన్ను సెన్సారు ఆఫీసరు పక్కన కూర్చోబెట్టారు. జవాన్లు ఇళ్లకు రాసే ఉత్తరాల్లో ఉన్నచోటు తెలిపే కొండ గుర్తు, బూట్లు లేవన్న మాట, ఏది కనబడినా నల్లసిరా పూయాలి. పూశాడు. గీత చివర కుంచెను చిన్న కొక్కెంలా తిప్పడం ఆయన అలవాటు.

మధ్యాహ్నం సద్దిమూట విప్పుకొని చెంచులక్ష్మి వచ్చి కూర్చుంది. ఇసుకా నీళ్లూ పోసి పలకలు నునుపు చేసే మనిషి. గొర్రెలు కాసుకునే ఇంటి ఆడది. ఆమె కొడుకు కాటమరాజు ఆ యుద్ధంలోనే పోయాడు. గొర్రెల వెంట తిరిగింది చాలని పోరుపెట్టి పట్టాళంలోకి పంపింది తనే. వాడి చివరి ఉత్తరం ఎప్పుడూ ఆమె రొండినే ఉంటుంది. అందులో మూడు వరుసల నలుపు. ఆ నలుపు కింద బిడ్డ తనను తిట్టుకున్నాడని ఆమె నమ్మకం. అయ్యవారికి చూపించింది, పోస్టుమానుకు చూపించింది, చివరికి సోదెమ్మకూ చూపించింది.

తిరుపతయ్య కొట్లో చేరిన కొత్తలో ఆయనకూ చూపించింది. నలుపు చివర కొక్కెం చూడగానే అది తన చేతిదేనని పోల్చుకుని, కాగితం మడిచి తిరిగిచ్చేశాడు. నాకేం తెలుసనేశాడు. ఇక అప్పటినుంచి రోజూ ఆమె పక్కనే కూర్చుని ముద్ద మింగుతున్నాడు. ఎట్లా దిగిందో ఏమో, పాపం!

ఆ రోజు ఆమె మామూలుగానే చెప్పింది. "రేపు దీన్ని గుండ్లకమ్మలో ఏసొస్తానన్నా. నన్ను తిట్టిన కాగితాన్ని ఎన్నాళ్లని మోసేది?"

ముద్ద చేతిలోనే ఉండిపోయింది. నాలుగు రోజులుగా ఆయనకు ఎడమ చెయ్యి బరువుగా ఉంటోంది. ఎదురుగా గోడకు ఆరబెట్టిన పలకల మీద తడి మెల్లగా ఆవిరవుతోంది. ఆ నలుపులోంచి ఏవో అక్షరాలు పైకి తేలుతున్నట్టు, వాటి మీద మంచు రాలుతున్నట్టు కనబడింది. భయం వేయలేదు. హాయిగానే ఉంది. అట్లా చూస్తూ చూస్తూ, ఎవరో పక్కన కూర్చుని చెప్పిస్తున్నట్టుగా చెప్పాడు.

"ఆ నలుపు పూసింది నేనే చెల్లెమ్మా."

వెయ్యి ఉత్తరాలు మరిచాడు గానీ, సొంత కొండల పేరున్న ఉత్తరాన్ని ఎట్లా మరుస్తాడు? బలపం తీసుకుని కొత్త పలక మీద రాస్తూ, పైకి చదివాడు. "ఈడ కొండలు మన దోర్నాల కొండల మాదిరే ఉండాయి. మందలో పడుకున్నట్టే నిద్ర పడతాంది. నన్ను పంపినందుకు దిగులు పెట్టుకోవాకమ్మా."

కొండల మాట ఒక్కటే కొట్టేయాల్సింది. చీకటి పడుతోందని తొందరలో కుంచెను మూడు వరుసల మీదా లాగేశాడు. కడమ రెండూ తన చేతి పాపమేనని ఒప్పుకున్నాడు.

చెంచులక్ష్మి రొండిలోంచి ఉత్తరం తీసి, ఆ నలుపు మీద వేలితో రాసి చూసింది. "నాలుగేండ్లు నా నోట్లో మన్ను కొట్టినావు గదన్నా" అంది. తర్వాత చెంబుతో నీళ్లు తెచ్చి ఆయన ముందు పెట్టింది. మళ్లీ చదవమంది. చదివాడు. మూడోసారి ఆమే చెప్పింది, ఆయన తలాడించాడు. ఆమెకు ఏడుపూ నవ్వూ ఒక్కసారే వచ్చాయి.

ఆమె పోయి పని చూసుకుంది. ఆయన చట్రాల దొంతికి ఆనుకున్నాడు. మాట్లాడిన నోరు తేలికగా ఉంది. పొద్దువాలి అందరూ లేచినా ఆయన లేవలేదు. కునుకు తీస్తున్నాడనుకున్నారు. చెంచులక్ష్మి వచ్చి చెయ్యి పట్టుకుంటే చల్లగా తగిలింది.

ఆయన్ను తీసుకుపోయాక, ఆ పలకను ఆమె కొంగులో చుట్టలేదు, అక్షరాలు చెరుగుతాయని. నిండుకుండను మోసినట్టు రెండు చేతులా పట్టుకుని ఇల్లు చేరింది. కొట్లో ఆయన కూర్చున్న చోట, తుడవడానికి పెట్టుకున్న తడిగుడ్డ ఎండిపోయి అట్టకట్టి ఉంది.