మీరెవరో తేలలేదు

చేపలు తోమి, వాసన పోయేదాకా చేతులు కడుక్కుని కంప్యూటర్ ముందు కూర్చున్నాను. మా ఆయన వెండెల్ గడ్డకట్టిన చెరువు మీద గుడిసె వేసుకుని, మంచుకు కన్నం పెట్టి పట్టుకొచ్చిన చేపలవి. పట్టడం ఆయన సరదా, తోమడం నా పని. పెళ్లయిన దగ్గర్నుంచీ అంతే.

అరవై ఐదు నిండగానే ఆయన కౌంటీ రోడ్ల శాఖలో ఉద్యోగం మానేశాడు. ఆయనకు పెద్దవాళ్లకు ప్రభుత్వమిచ్చే ఆరోగ్య ఇన్సూరెన్స్, మెడికేర్ వచ్చింది. ఆయన ఉద్యోగాన్ని పట్టుకుని ఇన్నాళ్లూ నడిచిన నా ఇన్సూరెన్స్ దాంతో పోయింది. నాకింకా అరవై ఒకటే. నాలాంటి వాళ్లకోసం మా మిన్నెసోటా రాష్ట్రం నడిపే ఇన్సూరెన్స్ అంగడి ఒకటుంది, అందులో దరఖాస్తు పెట్టుకోవాలి. నెలాఖరు గడువు. "నీకేమైందే, గుండ్రాయిలా ఉన్నావు. నీకూ మెడికేర్ వచ్చేదాకా ఆగలేవా?" అన్నాడు వెండెల్. నా ఎడమ రొమ్ములో బఠాణీ గింజంత గడ్డ తగులుతోందని ఆయనకు చెప్పలేదు. చెబితే నాకంటే ముందు ఆయన భయపడతాడు, ఆయన భయానికి మళ్లీ నేనే కాఫీ కలిపివ్వాలి. ఇన్సూరెన్స్ లేకుండా ఆసుపత్రి గడప తొక్కామా, ఇల్లు అమ్ముకోవలసిందే. అందుకే ఈ దరఖాస్తు.

మార్లిస్ హాగెన్ అని పేరు కొట్టాను, పుట్టినరోజు కొట్టాను. మీరు మీరేనని తేల్చుకోవడానికి కొన్ని ప్రశ్నలు అడుగుతామంది కంప్యూటర్. మీకు మాత్రమే తెలిసిన సంగతులట. కారు అప్పు ఏ బ్యాంకులో తీసుకున్నారు? ఇల్లు ఏ సంవత్సరంలో కొన్నారు? క్రెడిట్ కార్డు ఏ కంపెనీది? కింద కొన్ని జవాబులు, చివర 'ఇవేవీ కావు' అని ఇంకొకటి. కారు, క్రెడిట్ కార్డు వెండెల్‌వి. ఇల్లు మా అత్తగారి పేరు నుంచి నేరుగా వెండెల్ పేరుకు మారింది. "బ్యాంకు సంగతి మగాడు చూసుకుంటాడు, నువ్వు పొయ్యి సంగతి చూసుకో" అనేదావిడ. కంటిశుక్లం ఆపరేషన్ అయ్యాక నా డ్రైవింగ్ లైసెన్స్ కూడా ఆయనే రెన్యూ చేయించనివ్వలేదు, ఎక్కడికి కావాలంటే అక్కడికి నేను తీసుకెళ్తాను కదా అని. చలికాలమంతా ఊళ్లో ఇళ్లముందు మంచు తీయించే వ్యాపారం మాది. ఫోన్లెత్తేది నేను, లెక్కలు చూసేది నేను, బండి మీద రాసింది మాత్రం 'హాగెన్ అండ్ సన్స్'. మాకు పిల్లలే లేరు. లేని కొడుకులకు ఆ బండి మీద చోటుంది.

అన్నిటికీ 'ఇవేవీ కావు' నొక్కాను. అబద్ధమాడలేదు. తెర తెల్లబడి, మీరెవరో నిర్ధారించలేకపోయాం అంది.

అక్కడిచ్చిన నంబరుకు ఫోన్ చేస్తే ఒక ఆడగొంతు పలికింది. అన్నీ మళ్లీ అడిగి, "ఈ వివరాలతో మనిషెవరూ కనబడటం లేదమ్మా" అంది. నెమ్మదిగానే అంది. ఫోనులో ఇంకెవరో ఊపిరి పీలుస్తున్న చప్పుడు వినబడింది. అది నా ఊపిరేనని తెలియడానికి కాసేపు పట్టింది. మీవారి పేరుతో పెడితే సులువు, ఆయన మనిషిగా మీరూ చేరిపోతారు, ఉత్తరాలు మాత్రం ఆయనకొస్తాయి అని చెప్పి పెట్టేసింది.

ఆ సంగతి వెండెల్‌తో చెప్పడమే పొరపాటు. ఆదివారం చర్చి కింది హాల్లో కాఫీల దగ్గర అందరి ముందూ తీశాడు. "గవర్నమెంటు మార్లిస్ లేదంటోంది. లేని మనిషికి ఇన్సూరెన్స్ ఎందుకు, చెప్పండి?" అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. కాఫీ పోస్తూ వచ్చిన పాస్టరు గారి భార్య వెండెల్ కప్పు నింపి, నన్ను దాటి పక్కావిడ కప్పు నింపింది. నా కప్పు చాచిన చేతిలో అలాగే ఉంది.

ఆ వారం నాకేదో అవుతోంది. సూపర్‌మార్కెట్ తలుపు ఎదురుగా నిలబడితే తెరుచుకోలేదు. వెనకనుంచి వెండెల్ రాగానే తెరుచుకుంది. చీకటి పడ్డాక గ్యారేజీలోకి వెళ్తే, మనిషి కదిలితే వెలిగే దీపం వెలగలేదు. లోపలికొచ్చి టీవీకి అడ్డంగా నిలబడ్డాను. వెండెల్ కళ్లు కదల్లేదు. నన్ను దాటి చూస్తున్నాడా, నాలోంచి చూస్తున్నాడా తెలియలేదు. చొక్కా మీదుగా గడ్డ తడుముకున్నాను. అది ఉంది. కాస్త పెరిగింది కూడా. ఇల్లంతటికీ నా పేరున ఉన్నది అదొక్కటే అనిపించింది.

మర్నాడు కుట్టుమిషను సొరుగులోంచి నా పుట్టినపత్రం, కౌంటీ ఇచ్చిన పెళ్లిపత్రం తీసి కోటులో పెట్టుకున్నాను. లియోనా వచ్చి కారులో లైబ్రరీకి తీసుకెళ్లింది. బొంతలు కుట్టే బట్టల కొట్టు ఆమెది, బడి రోజుల నుంచీ నా స్నేహితురాలు. దారంతా, కొట్టు మేడమీద అద్దెకున్న టీచరు ఖాళీ చేసి పోయిందని, ఆ గది వేడి చేయడం దండగని గొణుగుతూనే ఉంది.

లైబ్రరీలో దరఖాస్తులకు సాయం చేసే అమ్మాయి పేరు టెస్. పత్రాలు రెండూ ఫోటో తీసి పంపింది. ఎదురు చూశాం. అద్దం మీద మంచు రాలుతోంది. మళ్లీ లేనంటారేమోనని తెర మీంచి కళ్లు తిప్పలేదు.

"ఇదిగో, దొరికారు మార్లిస్ గారూ" అంది టెస్. "ఇక మీ ఇంట్లో ఎవరెవరు కలిసి ఉంటున్నారో నింపుదాం. ముందు భర్తగారి పేరు చెప్పండి."

ఇప్పుడు ఆయన పేరు చెబితే రేపు నా రొమ్ము గురించి వచ్చే ప్రతి కాగితం ఆ ఇంటికే పోయి ఆయన బల్లమీదికి చేరుతుంది. పక్క కుర్చీలో ఉన్న లియోనా వైపు తిరిగాను.

"ఆ గది నాకిస్తావా?"

లియోనా నా మొహంలోకి చాలాసేపు చూసింది. అలా నన్నెవరైనా చూసి ఎంతకాలమైందో. "ఇవాళే హీటరు వేస్తాను" అంది.

"ఒక్కదాన్నే" అన్నాను టెస్‌తో.

ఆ పిల్ల పెళ్లిపత్రం వైపు చూసింది. "మరి ఈయన?"

"ఆయన ఆయనింట్లోనే ఉంటాడమ్మా. నాకు ఇవాళ్టినుంచి వేరే చిరునామా, రాసుకో."