తౌఫీక్ చేసిన తమీనా

తౌఫీక్ భార్య ఇబ్తిసామ్‌కు ఆడపిల్ల పుట్టిందని పొద్దున్నే కబురొచ్చింది. మధ్యాహ్నానికి బాలింత ఇంటికొస్తుంది, వెనకాలే చుట్టాలు దిగుతారు. వచ్చినవాళ్లకు తేనె, వెన్న వేసి చేసే రవ్వ మిఠాయి, తమీనా, ఇంత పెట్టకపోతే మా బ్లీదా ఊళ్లో, మా వీధిలో, తలెత్తుకోలేం. ఆ ఇంట్లో అది చేసేది అత్తగారు యమీనా. ఆవిడేమో మూడు రోజుల క్రితం మెట్ల మీద జారిపడి కుడిచేతికి కట్టు వేయించుకుంది.

"ఒరేయ్ తౌఫీక్, చొక్కా చేతులు మడుచుకో," అంది కొడుకుతో.

తౌఫీక్ బస్సు డ్రైవరు. గరిటె పట్టి ఎరగడు. "బజార్లో కొనుక్కొస్తానమ్మా."

"మీ అత్తగారికి బజారుది పెడతావా? జుబీదా వదిన బతికినన్నాళ్లూ దెప్పుతుంది!"

ఆవిడ పొయ్యి పక్కన కుర్చీ వేసుకుని కూర్చుంది. తౌఫీక్ గోధుమ రవ్వను సన్నసెగ మీద వేయించసాగాడు. ఇంతలో ఫోను మోగింది. "కూతురు పుట్టిందిరా!" అని స్నేహితుడితో మురిసిపోతుండగానే మొదటి వాయి నల్లగా మాడింది.

"బస్సు నడిపేటప్పుడూ ఇంతేనా నాయనా?"

రెండో వాయికి చెయ్యి ఆపలేదు. రవ్వ ఎర్రగా వేగి, కమ్మటి వాసన గుమ్మం దాటింది. వేరే గిన్నెలో తేనె, వెన్న కరిగించి, ఆ రవ్వను అందులో పోసి కలపసాగాడు.

"చాలు, ఇక వెన్న వెయ్యకు!" అని తల్లి అంటూండగానే చేతిలోని ముద్దంతా జారి పడింది.

"జావ చేశావు కదరా!"

మళ్లీ చేసే వ్యవధి లేదు. పళ్లాల్లో సర్ది, పైన దాల్చినచెక్క పొడి చల్లి, చక్కెర పూసిన బాదంపప్పులు గుచ్చారు.

బాలింత వచ్చింది. జుబీదా మనవరాలిని ముద్దాడి, చెంచాడు తమీనా నోట్లో పెట్టుకుంది. ఇంకో చెంచా. మరొకటి.

"వదినా, కరిగిపోతోంది! మనవడు పుట్టినప్పుడు నువ్వు చేసింది తిని నా దవడపన్ను కదిలింది తెలుసా?"

ఇబ్తిసామ్ దుప్పటి ముఖం మీదకు లాక్కుంది. యమీనా ముఖం ఎర్రబడింది.

"అప్పుడే చెప్పలేదేం?"

"నోరు తెరిస్తే పన్ను ఊడేట్టుంటే ఎట్లా చెప్పను?"

దుప్పటి కింద నవ్వు వినబడింది. యమీనా బిగబట్టుకుందామనుకుంది గానీ, తనకూ నవ్వు ఆగలేదు. "అయితే విను. ఇది నేను చేసింది కాదు, నీ అల్లుడు చేశాడు."

జుబీదా చెంచా కింద పెట్టి, కొత్తమనిషిని చూసినట్టు అల్లుణ్ని ఎగాదిగా చూసింది.

సాయంత్రానికి పళ్లాలన్నీ ఖాళీ. ఇంకా జనం వస్తూనే ఉన్నారు. తౌఫీక్ మూడో వాయికి పెనం ఎక్కించాడు. అటు తల్లి, ఇటు అత్తగారు.

"సెగ తగ్గించు!"

"పెంచు నాయనా!"

తౌఫీక్ ఇద్దరికీ తలూపి, తనకు తోచినట్టే కలపసాగాడు.