పిచ్చుక వాడే చాదస్తం గారు

మా ఆయనకు ఇద్దరు పిల్లలని అందరితోనూ అంటుంటాను. ఒకటి మా పాప, రెండోది పిచ్చుక. పిచ్చుక అంటే చిన్న చిన్న లాప్‌టాప్‌ల కోసం ఆయనా, స్నేహితులూ కలిసి ఉచితంగా తయారుచేసిన ఆపరేటింగ్ సిస్టమ్. తూకానికి వేయాల్సిన బక్క యంత్రాలు కూడా దాని పుణ్యమా అని లేచి కూర్చునేవి. కొన్నాళ్ళకు అలాంటి లాప్‌టాప్‌లు చేయడమే కంపెనీలు మానేశాయి. స్నేహితులు ఇక కొత్త వెర్షన్లు రావని ప్రకటించి తలో దారి పట్టారు. మా ఆయన మాత్రం ఇంటర్నెట్‌లో దాని సందేహాల పేజీ పట్టుకుని వేలాడుతున్నాడు. పెళ్ళివారంతా వెళ్ళిపోయినా పందిరి విప్పనివ్వని మనిషి.

ఆ పేజీకి ఇప్పుడు వచ్చేది ఒక్కరే. అక్కడ పెట్టుకున్న పేరు చాదస్తం. టీవీ రిమోట్ పనిచేయడం లేదని నేను మొత్తుకుంటే చెవిటివాడైపోయే మా ఆయన, చాదస్తం గారు అక్షరాలు ఎలా పెద్దవి చేయాలని అడిగితే బొమ్మలు గీసి మరీ వివరిస్తాడు. ఆయన ఎంత మర్యాదస్తుడో, ఎంత ఓపికగా అడుగుతాడో నాకు చెప్పి మురిసిపోతాడు కూడా.

ఆ చాదస్తం గారు మా నాన్నే. పక్క గదిలోనే ఉంటాడు.

ఒకసారి మా ఆయన భుజం మీదుగా ఆ పేజీలోకి తొంగిచూస్తే నాన్న దొరికిపోయాడు. ప్రతి వాక్యం తర్వాతా చుక్క, చుక్క తర్వాత రెండేసి ఖాళీలు. నాన్న ఏళ్ళ తరబడి టైపు ఇన్‌స్టిట్యూట్ నడిపాడు. చుక్క తర్వాత స్పేస్‌బార్ రెండుసార్లు కొట్టని వాళ్ళను బెంచీ ఎక్కించేవాడు. నన్నూ ఎక్కించాడు. ఇన్‌స్టిట్యూట్ మూసేసి మా దగ్గరికి వచ్చాక, పొద్దున్నే పిచ్చుకతో నడిచే తన బుల్లి లాప్‌టాప్ మీద నాలుగు ముక్కలు టైపు చేయకపోతే ఆయనకు కాఫీ దిగదు.

నేరుగా అడగొచ్చు కదా అంటారేమో. అల్లుడి చేత చాకిరీ చేయించుకోవడమా? మా నాన్నకు అంతకన్నా అప్రతిష్ఠ లేదు. అల్లుడు గదిలోకి వస్తే లేచి నిలబడతాడు. మామగారు నిలబడ్డారని అల్లుడూ కూర్చోడు. ఇద్దరూ బస్సు కోసం చూస్తున్నట్టు నిలబడి, భోజనమైందా అంటే అయిందని చెప్పుకుని విడిపోతారు. నేను ఎవరికీ ఏమీ చెప్పలేదు. ఇంట్లోనే ఇంత వినోదం దొరుకుతుంటే చేజేతులా ఎందుకు పోగొట్టుకోవాలి? లక్షల వరుసల ప్రోగ్రామ్‌లో చీమంత తప్పును పట్టే మా ఆయనకు, గోడవతల ఉన్న మామగారు కనిపించకపోవడం చూసి లోలోపల నవ్వుకునేదాన్ని.

ఆ నవ్వు ఎక్కువకాలం నిలవలేదు. నాన్న లాప్‌టాప్ మూత వేస్తే మళ్ళీ మేలుకోవడం మానేసింది. ఎలాగో తంటాలు పడి లేపి పేజీలో అడిగాడు. యంత్రాన్ని కళ్ళారా చూస్తే తప్ప చెప్పలేనని మా ఆయన జవాబు రాశాడు. పేజీకి చోటిచ్చిన స్నేహితుడు దాన్ని తీసేస్తున్నాడనీ, ఈ నెలాఖరుతో సెలవనీ కింద మరో ముక్క చేర్చాడు.

నాన్న ముద్ద సరిగా మింగలేదు. మా ఆయన కూడా ఎవరో పోయినట్టు తిరిగాడు. నాకు నిజంగా బెంగ పట్టుకుంది. పేజీ పోతే వీళ్ళిద్దరికీ భోజనమైందా అన్న మాట తప్ప ఇంకేమీ మిగలదు. చెప్పేద్దామని రెండుసార్లు నోటిదాకా వచ్చింది. చెబితే నాన్న సిగ్గుతో చచ్చిపోతాడని ఊరుకున్నాను.

ఆదివారం పొద్దున మా ఆయన బల్ల దగ్గర కూర్చుని ఉంటే, నాన్న లాప్‌టాప్‌ను తువ్వాలులో చుట్టుకుని వచ్చాడు. మా ఆయన లేవబోయాడు. నాన్న అటు చూడకుండా నాతో అన్నాడు.

"అమ్మాయ్, ఇది నా స్నేహితుడిది. అల్లుడుగారికి తీరికుంటేనే చూడమను. తొందరేం లేదు."

"ఇలా ఇవ్వండి మామయ్యగారూ," అని మా ఆయనే అందుకున్నాడు. వెనక మరలు విప్పి, ఏదో తీగను సరిచేసి, మళ్ళీ బిగించి మూత వేసి తెరిచాడు. తెర వెలిగింది. "పేజీ మూసేస్తున్నాం. ఇకమీదట సందేహాలుంటే నన్నే అడగమనండి, మీ స్నేహితుణ్ణి."

"అతనికి మొహమాటం ఎక్కువ."

"నాకూ అంతేనండి."

నాన్న వెళ్ళిపోతాడనుకున్నాను. కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. అల్లుడి ఎదురుగా ఆయన కూర్చోవడం నేను చూడటం అదే మొదటిసారి. తెర వైపే చూస్తూ అడిగాడు.

"ఇన్‌స్టిట్యూట్‌కి తాళం వేసిన రోజు నాకు ఏడుపొచ్చింది. మీరు ఈ పిచ్చుకను ఆపేసినప్పుడు బాధ అనిపించలేదా?"

మా ఆయన చేతిలోని స్క్రూడ్రైవర్‌ను బల్ల మీద పెట్టాడు.

"చాలా బాధేసిందండి. ఆ పేజీ కూడా అప్పుడే తీసేద్దామన్నారు మావాళ్ళు. మీరొక్కరు వాడుతున్నారు కదా అని నేనే వద్దన్నాను."

‘మీరు’ అన్న ఆ మాటను నాన్న దిద్దలేదు. నేను వంటింట్లోకి వెళ్ళి ఇద్దరికీ కాఫీ కలిపాను.