తిట్టాకే దారికొచ్చింది

కోచమ్మ నోటికి జడిసి కొలనులో నీళ్ళు కూడా ఒక పక్కకి ఒదిగి ఉంటాయని ఈత టీము ఆడపిల్లలు చాటుగా నవ్వుకునేవారు. ఆ మాట ఆవిడ చెవిన పడింది. పడినా కోప్పడలేదు సరికదా, లోలోపల కాస్త గర్వపడింది కూడా.

ఈత నేర్పడం మొదలుపెట్టిన కొత్తలో ఆవిడది మెత్తని చెయ్యి. ఎవరైనా బాగా ఈదితే గట్టు మీద నుంచే చప్పట్లు కొట్టేది, పైకి రాగానే భుజం తట్టేది. అలా తట్టించుకున్న పిల్ల మర్నాడు ఈడ్చుకుంటూ ఈదేది. నీరసంగా ఈదిన పిల్లని నిలబెట్టి నాలుగు చీవాట్లు పెడితే మర్నాడు అదే పిల్ల నీళ్ళు చీల్చుకుంటూ పోయేది. చూసినప్పుడల్లా ఇదే తంతు. దాంతో ఆవిడ మెచ్చుకోవడం మానేసి నోటికి పదును పెట్టుకుంది. పిల్లల్ని చేర్పించడానికి వచ్చిన తల్లిదండ్రులకి కూడా దాపరికం లేకుండా చెప్పేసేది: "పొగిడితే పొంగిపోతారు, తిడితే పుంజుకుంటారు. ఎవరో చెప్పగా విన్నది కాదు, నా కళ్ళతో చూసింది."

క్లబ్బు సెక్రటరీగారికి ఈ మాట పరమ ప్రీతి. ఆయన కుర్రతనంలో ఈతగాడు. ఇప్పుడు పొట్ట మీద స్టాప్‌వాచ్ వేలాడేసుకొని గట్టు మీద పచార్లు చేస్తుంటాడు.

ఆ ఏడు క్లబ్బు పుట్టాక మొదటిసారి ఆడపిల్లల రిలే టీము ఫైనల్‌కి వెళ్ళింది. వెళ్ళడానికి కారణం ఆఖరి అంచె ఈదే సొట్టబుగ్గ. బస్సుల డిపోలో మెకానిక్ కూతురు. నవ్వితే రెండు బుగ్గలూ సొట్టలు పడతాయి కాబట్టి టీములో అందరికీ సొట్టబుగ్గే. సెమీఫైనల్లో వెనకబడి ఉన్న టీముని ఆ పిల్ల ఒంటిచేత్తో లాక్కొచ్చింది. అంతకు ముందు ఎన్నడూ అంత వేగంగా ఈదలేదు, ఈదగలనని తనే అనుకోలేదు. ఆ ఊపులో కోచమ్మ తన నియమాలన్నీ గాలికొదిలేసి, తడి ఒంటితో ఉన్న పిల్లని గుండెకి హత్తుకొని, "బంగారు తల్లివే" అంది.

ఆ తర్వాతి సాధనలో సొట్టబుగ్గ ఈత చప్పబడింది. గోడని తన్ని వెనక్కి మళ్ళే టర్న్ దగ్గర కాలు జారింది, ఊపిరి తప్పింది.

"చూశారా మేడం," అన్నాడు సెక్రటరీ, స్టాప్‌వాచ్ కోచమ్మ మొహం ముందు ఆడిస్తూ. "మొన్న నెత్తికెక్కించుకున్నారు. ఫలితం ఇదిగో."

కోచమ్మకి అరికాలి మంట నెత్తికెక్కింది. పిల్ల ఇంకా గట్టెక్కకముందే అందరి ముందూ నోరు పారేసుకుంది. "ఒక్క పందేనికే కళ్ళు నెత్తికెక్కాయా? ఇంత పొగరు పనికిరాదు. లేన్లకి కట్టిన ఆ తేలే బెండ్లు నీకన్నా నయం, కనీసం మునగవు."

మామూలుగా అయితే సొట్టబుగ్గ తల వంచుకొని మళ్ళీ నీళ్ళలోకి దూకేది. ఈసారి టోపీ తీసి బెంచి మీద పెట్టింది. తువ్వాలు భుజాన వేసుకొని, ఎవరి వంకా చూడకుండా గేటు దాటి వెళ్ళిపోయింది.

"పోతే పోనివ్వండి," అన్నాడు సెక్రటరీ. "ఎల్లుండి కదా ఫైనల్. రేపు మధ్యాహ్నంలోగా రిజర్వు పిల్ల పేరు ఇచ్చేద్దాం."

కోచమ్మ స్కూటర్ ఎక్కి ఇంటికొచ్చేసింది.

ఇంట్లో అత్తగారు పాములూ నిచ్చెనల పటం పరుచుకొని కోడలి కోసం కాచుకు కూర్చుంది. మోకాళ్ళ నొప్పులొచ్చి బయట తిరగడం తగ్గాక ఆవిడకి ఈ ఆట పిచ్చి పట్టింది. ఓడిపోవడం మాత్రం ఆవిడ వల్ల కాదు.

"మొహం మాడ్చుకొని వచ్చావేమే? కాళ్ళు కడుక్కుని కూర్చో," అంది.

కోచమ్మ పరధ్యానంగానే కూర్చుంది. అత్తగారు పాచిక వేసింది. ఒకటి. ఆవిడ పాచికను కళ్ళ దాకా ఎత్తి పట్టుకొని, "సిగ్గులేదూ నీకు? వచ్చిన దగ్గర్నుంచీ నన్ను ఏడిపించుకు తింటున్నావు," అని కసిరింది. మళ్ళీ ఆవిడ వంతు వచ్చినప్పుడు నాలుగు పడింది.

"అదీ," అంది తృప్తిగా.

తర్వాత ఆరు పడితే మురిసిపోయి పాచికను ముద్దు పెట్టుకుంది. ఆ మరుసటి వంతుకి రెండు పడి, ముక్క తిన్నగా పాము నోట్లోకి పోయింది.

"చూశావా అమ్మాయ్, ముద్దు చేస్తే నెత్తికెక్కింది. దీనికి మంచి మాట పనికిరాదు." పాచికకి మళ్ళీ నాలుగు అక్షింతలు వేసింది. ఐదు పడింది. "తిట్టాకే దారికొచ్చింది."

కోచమ్మకి నవ్వొచ్చింది. ఆ రోజు మొత్తం మీద అదే మొదటి నవ్వు. "మీ తిట్లు వినడానికి దానికి చెవులున్నాయా అత్తయ్యా? ఒకటి పడ్డాక ఇంకేం పడినా తగ్గేది లేదు, పెరగడమే కదా. ఆరు పడ్డాక పైకి పోవడానికి చోటెక్కడుంది? దిగిరావాల్సిందే. మీరు తిట్టినా అంతే, ముద్దు పెట్టుకున్నా అంతే, నోరు మూసుకొని..."

ఆవిడ చేతిలో ఉన్న ముక్క పటం మీద పడి దొర్లింది.

"నోరు మూసుకొని ఏమిటే? పూర్తి చెయ్యి," అంది అత్తగారు.

"అత్తయ్యా, ఒక్క పని చెయ్యండి. కాసేపు ఏమీ అనకుండా పాచిక వెయ్యండి. తిట్టొద్దు, మెచ్చుకోవద్దు."

అది అత్తగారికి ఎంత పెద్ద శిక్షో ఆ ఇంట్లో అందరికీ తెలుసు. అయినా కోడలి మొహంలో ఏదో వెలుగు చూసి, పెదాలు బిగబట్టి వేయడం మొదలుపెట్టింది. ఒకటి తర్వాత మూడు. ఆరు తర్వాత నాలుగు. రెండు తర్వాత ఐదు. అప్పుడప్పుడు తప్పినా, చాలాసార్లు అదే వరస. పాతాళంలో ఉన్నది పైకొస్తోంది, ఆకాశంలో ఉన్నది కిందికొస్తోంది. ఎవరూ పల్లెత్తు మాట అనలేదు.

"చూశారా? తిట్టకుండానే దారికొచ్చింది."

అత్తగారు మూతి మూడు వంకరలు తిప్పింది. "పైకి అనలేదు గానీ, మనసులో తిడుతూనే ఉన్నాను."

కోచమ్మ పగలబడి నవ్వింది. నవ్వుతూనే లేచి గదిలో ఈ చివర నుంచి ఆ చివరకి తిరగసాగింది.

"పిల్లలు పాచికలు కాదత్తయ్యా, నాకు తెలుసు. కష్టపడితే ఈత మెరుగవుతుంది. కానీ ఒక్కో రోజు ఈతలో ఇంకా ఎన్ని సంగతులు కలుస్తాయి? రాత్రి నిద్ర పట్టిందా లేదా, టర్న్ దగ్గర కాలు సరిగ్గా ఆనిందా, పక్క లేన్ నుంచి అల కొట్టిందా. అన్నీ కలిసొచ్చిన రోజు ఆకాశాన్నంటుతారు, ఆ రోజే నేను పొగుడుతాను. మర్నాడు మామూలుకి దిగుతారు. ఏదీ కలిసిరాని రోజు నేను తిడతాను. మర్నాడు మామూలుకి ఎక్కుతారు. ఇన్నేళ్ళూ నేను తిట్టింది ఆ పిల్లల్ని కాదు, ఎలాగూ గడిచిపోయే ఒక చెడ్డరోజుని. పోయింది కదా అని అది నా గొప్పే అనుకున్నాను."

"అయితే ఇప్పుడేమిటి? ఆట ఆపేస్తావా? గెలుస్తున్నాను నేను."

"మీరే గెలిచారు," అంటూ కోచమ్మ అప్పటికే చెప్పుల్లో కాళ్ళు దూర్చేసింది.

వీధి దీపాలు ఇంకా వెలగలేదు. బస్సుల డిపో వెనక సందులో, మెకానిక్ ఇంటి గుమ్మం ముందు స్కూటర్ ఆపింది. మెకానిక్ గ్రీజు చేతులు గుడ్డకి తుడుచుకుంటూ ఎదురొచ్చాడు. ఆయన మొహం ముభావంగా ఉంది.

"కూర్చోండి మేడం. పిల్ల అన్నం కూడా ముట్టలేదు," అని లోపలికి చూసి పిలిచాడు. "అమ్మలూ, మీ మేడం వచ్చారు."

సొట్టబుగ్గ తలుపు పట్టుకొని నిలబడింది. కళ్ళు ఉబ్బి ఉన్నాయి. "నాకు పొగరెక్కిందన్నారు కదా మేడం," అంది మెల్లగా. "నిజమేనేమోనని ఇంటికొచ్చిన దగ్గర్నుంచీ వెతుక్కుంటున్నాను. నాకెక్కడా కనపడలేదు."

కోచమ్మలో అంతసేపూ ఉరకలెత్తిన ఉత్సాహం ఆ గుమ్మంలో తలొంచుకుంది.

"లేదు కాబట్టే కనపడలేదు," అంది. "సెమీఫైనల్లో నువ్వు ఎప్పుడూ ఈదనంత బాగా ఈదావు. దాని తర్వాత ఎలా ఈదినా తక్కువగానే కనిపిస్తుంది. ఈ పాటి సంగతి తెలియక నీ మీద నిందేశాను. తప్పు నాది తల్లీ."

"అంటే, ఫైనల్లో కూడా తక్కువే ఈదుతానా?"

"ఏమో, తెలీదు. ఈది చూస్తేగానీ తెలీదు. ఎలా ఈదినా అందరి ముందు నిన్ను ఆ మాట మళ్ళీ అనను."

పిల్ల తండ్రి వంక చూసింది. మెకానిక్ లోపలికెళ్ళి కంచం పెట్టమని భార్యకి చెప్పాడు. సొట్టబుగ్గ రెండు బుగ్గలూ కాస్త సొట్టలు పడ్డాయి.

మర్నాడు పొద్దున్న క్లబ్బు ఆఫీసు గదిలో యుద్ధమే జరిగింది. సెక్రటరీ ముందున్న కాగితం మీద రిజర్వు పిల్ల పేరు రాసి ఉంది. కోచమ్మ దాన్ని కొట్టేసి పాత పేరు రాసింది, ఇక మీద పిల్లల్ని తిట్టనని కూడా చెప్పేసింది. ఆయన ఒంటికాలి మీద లేచాడు.

"అంటే ఇక క్రమశిక్షణే వద్దంటారు."

"నేనన్నది అది కాదు. పిల్లలు వేళకి రావాలి, చెప్పిన దూరం ఈదాలి. తిట్లు వేగం పెంచుతాయన్న మాటకి ఆధారం లేదంటున్నాను."

"మీరు కొలనులో ఏనాడైనా పెద్ద పతకం గెలిచారా, ఇంత ఖచ్చితంగా చెప్పడానికి?"

"గెలవలేదు. గెలిచి ఉంటే ఈ మాట ఇంకొంచెం నిజమయ్యేదా?"

ఆయన గొంతు సవరించుకున్నాడు. "ఇవాళ తిట్టొద్దంటారు. రేపు త్వరగా లేపొద్దంటారు. ఎల్లుండి కొలను ఖాళీ చేసి బాతుల్ని పెంచుదామంటారు."

"బాతుల సంగతి నేనెత్తలేదు, మీరే ఎత్తారు," అంది కోచమ్మ. నవ్వాపుకోవడం ఆవిడకి కష్టమైంది. ఆయన వాదనలు ఎంత పదునుగా ఉంటాయోననుకుంటూ వచ్చిందో, అవి ఒక్కొక్కటీ తాకకముందే విరిగిపోతున్నాయి. నిన్నటి దాకా ఇవన్నీ తన నోట్లోంచి వచ్చిన మాటలే.

"నా సంగతి చూడండి," ఆయన బల్ల మీద చెయ్యి వేశాడు. "మా గురువు నన్ను బెల్టు పెట్టి బాదేవాడు. నేను పైకి రాలేదా?"

"వచ్చారు. మీతోపాటు దెబ్బలు తిన్నవాళ్ళందరూ వచ్చారా?"

సెక్రటరీ కిటికీలోంచి నీళ్ళ వైపు చూశాడు. "మా తమ్ముడుండేవాడు," అన్నాడు గొంతు తగ్గించి. "నాకన్నా బాగా ఈదేవాడు. మధ్యలో మానేశాడు." ఆ తర్వాత కాగితం కోచమ్మ వైపు జరిపాడు. "ఓడితే బాధ్యత మీది."

"నాదే."

ఫైనల్ రోజు గ్యాలరీ కిక్కిరిసింది. పందేనికి ముందు పిల్లల్ని వరసగా నిలబెట్టి చెవులు చిల్లులు పడేలా తిట్టడం కోచమ్మ అలవాటు. నలుగురూ అలవాటుగా భుజాలు ముడుచుకొని నిలబడ్డారు. ఆవిడ నాలుక దురద పెట్టింది. ఓర్చుకుంది. "నీళ్ళు చల్లగా ఉన్నాయి. చేతులూ కాళ్ళూ బాగా ఆడించండి," అని మాత్రం అంది. పిల్లలు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

ఈల మోగింది. మొదటి పిల్ల బాణంలా దూకింది. రెండో పిల్ల టర్న్ దగ్గర తడబడి టీముని నాలుగో స్థానానికి తెచ్చింది. మూడో పిల్ల పళ్ళ బిగువున ఈది ఒకరిని దాటింది. సొట్టబుగ్గ దూకేసరికి ముందు ఇద్దరున్నారు. గ్యాలరీలో ఎవరికీ కాళ్ళు నిలవడం లేదు. మెకానిక్ రెయిలింగ్ పట్టుకొని అది ఊడొస్తుందేమో అన్నట్టు ఊపుతున్నాడు. సగం దూరంలో సొట్టబుగ్గ ఒకరిని దాటింది. చివర్లో రెండు లేన్లలోని రెండు తలలు పక్కపక్కన వచ్చాయి. ఎవరి చెయ్యి ముందు గోడని తాకిందో కంటికి అందలేదు. అందరూ మెడలు తిప్పి ఫలితాల బోర్డు వైపు చూశారు. బోర్డు మీద అక్షరాలు మారాయి. పై వరసలో తమ క్లబ్బు పేరు.

ఆ తర్వాత ఎవరు ఎవర్ని కౌగిలించుకున్నారో లెక్కే లేదు. సెక్రటరీ పొట్ట ఎగిరెగిరి పడుతుండగా పరిగెత్తుకొచ్చి, "నేను ముందే చెప్పలేదూ? ఇన్నేళ్ళు పెట్టిన చీవాట్లు ఇవాళ పండాయి," అన్నాడు.

"చీవాట్లు కాదు, నేను తిట్టడం మానేసినందుకే..." అని అందుకోబోయింది కోచమ్మ. అంతలో నాలుక కరుచుకుంది. తనూ అదే చేస్తోంది మరి. ముందొకటి జరిగింది, తర్వాత ఇంకొకటి జరిగింది, రెంటికీ తనే ముడి వేసేస్తోంది. తిట్టి ఉన్నా గెలిచేవారేమో. తిట్టకపోయినా ఓడేవారేమో. ఒక్కటి మాత్రం ఖాయం. తిట్లు అలాగే సాగి ఉంటే ఈ పిల్ల ఇక్కడ ఉండేది కాదు.

"ఒక్క పందెంతో ఏం తేలుతుంది సెక్రటరీగారూ," అంది. "ఏడాదంతా తిట్టకుండా నేర్పుతాను. అప్పుడు కూర్చొని చూద్దాం."

"తగ్గితే?"

"తగ్గితే మీ మాట వింటాను. తిట్లు తప్ప."

ఆయన ఏదో అనబోతుండగానే నలుగురు పిల్లలూ వెనక నుంచి వచ్చి కోచమ్మ చేతులూ కాళ్ళూ దొరకబుచ్చుకున్నారు. బూట్లు కూడా విప్పనివ్వలేదు. ట్రాక్‌సూటుతో సహా ఎత్తి నీళ్ళలోకి విసిరేశారు. ముక్కులోకి నీళ్ళు పోయి, ఉక్కిరిబిక్కిరై, చేతులు అడ్డదిడ్డంగా ఆడిస్తూ ఆవిడ పైకి తేలింది.

గట్టు మీద సొట్టబుగ్గ నడుం మీద చేతులు వేసుకొని నిలబడింది. "మేడం, నిజం చెప్పనా? మీ ఈత ఘోరంగా ఉంది."

"ఇంత ఘోరం రోజూ ఉండదులే," అంది కోచమ్మ, నోట్లో నీళ్ళు ఉమ్ముతూ. "రేపు చూడు."