ఆఖరి బండ

నాగరాణి ఇంట్లో అడుగు పెట్టనని గొర్రెపిల్ల మొండికేసింది. అంతవరకూ ఆ ఇంటికి వచ్చినవాళ్లెవరూ ఆమెను అలా అవమానించలేదు.

తాండూరు శివార్లలో ఏడేళ్ల కింద కట్టుకున్న ఇల్లది. భర్త విజయ్‌కుమార్ బండల పాలిషింగ్ యూనిట్‌లో సూపర్‌వైజర్ కాబట్టి ఏరి ఏరి తెచ్చిన బండలు పరిపించాడు. నున్నగా, నీలంగా ఉంటాయి. ఎండాకాలం మధ్యాహ్నం చాప కూడా లేకుండా వాటి మీద వాలితే ఇట్టే కునుకు పడుతుంది. వచ్చినవాళ్లంతా చెప్పులు బయట విడిచి, అరికాలు ఆనించి చూసి, "బండలు మస్తుగున్నయ్" అనేవాళ్లు. ఆ మాట కోసమే నాగరాణి కొందరిని పనిగట్టుకుని చాయ్‌కి పిలిచేది. ఇందులో దాచేదేముంది, ఇల్లంటే ఆమెకు పిచ్చి.

ఆ పిచ్చి ఈమధ్య మేడ మీదికి పాకింది. పైన రెండు గదులు వేసి అద్దెకిద్దామని ఆరు నెలలుగా మొగుడి చెవిలో ఇల్లు కట్టుకుని పోరుతోంది. ఇప్పుడున్న హోమ్‌లోను మీదే మరో పది లక్షలు ఇస్తామని బ్యాంకు వాళ్లు అన్నారు. సోమవారం వెళ్లి సంతకం పెట్టడమే తరువాయి. మెట్ల రెయిలింగుకు ఏ రంగు వేయాలో కూడా ఆమె తేల్చేసుకుంది.

ఆ వారంలోనే అత్తగారు బుగ్గమ్మ కుల్కచర్ల దగ్గరి పల్లె నుంచి దిగింది, చంకలో గొర్రెపిల్లతో. ఈనగానే తల్లి చచ్చిందట. సీసాతో పాలు పట్టకపోతే బతకదని వెంట తెచ్చుకుంది. హాల్లో దించగానే అది నాలుగు కాళ్లూ దగ్గరికి ముడుచుకుని వణకడం మొదలుపెట్టింది. ఎంత పిలిచినా కదల్లేదు. ఎత్తుకెళ్లి వంటింట్లో పొయ్యి మూలన వదిలితే మాత్రం తోక ఆడిస్తూ పాలు తాగింది. మళ్లీ తాడు పట్టి హాలు వైపు లాగితే ఒక బండ అతుకు దగ్గర, బావి గట్టు మీద ఉన్నట్టు, బిగుసుకుపోయింది.

"నున్నటి బండలు గద అత్తమ్మా, కాళ్లు జారుతున్నయేమో" అంది నాగరాణి.

"వంటింట్ల గూడ గవే బండలు గద." బుగ్గమ్మ నేల వైపు అనుమానంగా చూసింది. "కింద డొల్లగుంటె గొర్రె అడుగు పెట్టదు బిడ్డా. పాత గనుల కాడ జూస్తం గద. పైన గడ్డి ఎంత పచ్చగున్నా గటు దిక్కు పోవు."

నా ఇల్లు డొల్లా! నాగరాణికి ఒళ్లు మండింది. అత్తగారు వెనక పెరట్లోకి పోగానే పప్పుగుత్తి అందుకుని బండ మీద కొట్టి చూసింది. బండల ఊళ్లో పుట్టి పెరిగిన మనిషికి చప్పుడు సంగతి ఎవరూ చెప్పనక్కర్లేదు. కింద గట్టిగా ఉన్న బండ మొద్దుగా పలుకుతుంది, డొల్ల బండ ఖాళీ కుండలా మోగుతుంది. హాల్లో మొదటి బండ మోగింది. పక్కదీ మోగింది. ఆమె మోకాళ్ల మీద జరుగుతూ హాలంతా కొట్టింది, పడకగది కొట్టింది, కూతురు అంజలి చదువుకునే గది కొట్టింది. అన్నీ డొల్లే. తిరిగి తిరిగి వంటింటి మూలకు వచ్చేసరికి చప్పుడు మారింది. పొయ్యి చుట్టూ, పదిమంది మఠం వేసుకుని కూర్చుంటే సరిపోయేంత మేర, బండలు గట్టిగా ఉన్నాయి. గొర్రెపిల్ల అక్కడే ముడుచుకుని ఆమెనే చూస్తోంది. పట్టపగలు, వీధిలో ఆటోలు తిరుగుతుండగా, నాగరాణి గబగబా ఆ గట్టి బండల మీదికి జరిగింది.

వెంటనే అజమత్ మేస్త్రికి ఫోన్ చేసింది. ఆ ఇంట్లో బండలు పరిచింది అతనే. గడ్డం నెరిసిన మనిషి, పనికి పేరున్నవాడు. అతని ఇంట తాతల నాటి ఆచారం ఒకటుంది. ఇల్లంతా బండలు పరిచి, గడప లోపల మొట్టమొదట అడుగు పడే చోట ఒక్క బండను మాత్రం బిగించకుండా ఇసుక మీద వదిలేస్తారు. ఇంటివాళ్లు ఆ ఇంటి మీది బాకీలన్నీ తీర్చి కబురు పెట్టిన నాడు వచ్చి, ఆ ఆఖరి బండ బిగించి, నోరు తీపి చేసుకుని పోతారు. అంతవరకూ అది కాలి కింద కటకటమంటూనే ఉంటుంది.

ఏడేళ్ల కింద గృహప్రవేశం ముందు రోజు ఈ బండ దగ్గరే పేచీ వచ్చింది. చుట్టాల ముందు గడపలోనే బండ కదిలితే పరువు పోతుందని, బిగించాల్సిందేనని పట్టుబట్టింది నాగరాణే. "నా కూలి ముట్టిందమ్మా, కాని బ్యాంకుది ఉన్నది గద" అన్నాడు అజమత్. "బ్యాంకుది బాకీ ఎట్లయితది భాయ్, నెల నెల కట్టుకుంట పోయే కిస్తు" అని విజయ్‌కుమార్ నవ్వాడు. మేస్త్రి అయిష్టంగానే బిగించి పోయాడు.

ఇప్పుడు స్కూటర్ దిగి వచ్చి, తాపీ పిడితో నాలుగు బండలు తట్టేసరికి అతని ముఖం మారిపోయింది.

"నేను గిట్ల వేయలేదమ్మా. ఒక్కొక్క బండ కింద నిండ సిమెంటు మాలు పోసిన."

"మరి ఏమయింది చాచా?"

అజమత్ గడపలోని ఆఖరి బండ అతుకులో పలుగు దూర్చి పైకి లేపాడు. దాని కింద మాలు లేదు, ఇసుక లేదు, మట్టి కూడా లేదు. చీకటి ఉంది. అందులోంచి తడి రాతి వాసనతో చల్లగాలి ఆమె ముఖానికి తగిలింది. నాగరాణి వాకిట్లోంచి గులకరాయి ఒకటి తీసి లోపలికి వదిలింది. ఇద్దరూ చెవులు రిక్కించి కూర్చున్నారు. పొయ్యి మీద పాలు పొంగి, మాడు వాసన వచ్చేదాకా కూర్చున్నారు. రాయి పడిన చప్పుడు రాలేదు.

"యా అల్లా" అని గొణుక్కుంటూ మేస్త్రి బండ తీసిన ఖాళీ మీద చెక్కపలక కప్పాడు. అప్పుడు అడిగాడు: "బ్యాంకుది ఎంతవరకు వచ్చిందమ్మా?"

"ఇరవై ఏండ్లది చాచా, ఏడేండ్లయింది. మూడో వంతు తీరినట్టే గద."

అజమత్ వంటింటి మూలకేసి చూశాడు, హాలుకేసి చూశాడు. "గట్టిగున్నది మూడో వంతు లేదమ్మా" అన్నాడు.

తెల్లవారి నాగరాణి అత్తగారికి ఏదో సాకు చెప్పి బ్యాంకుకు వెళ్లింది. లోన్ల దగ్గర కూర్చునే మార్త మేడం ఖాతా నంబరు అడిగి, కంప్యూటర్ తెరను ఆమె వైపు తిప్పింది.

"తీసుకున్నది పదిహేను లక్షలు. ఇప్పటిదాంక మీరు కట్టింది పదకొండు లక్షల దగ్గర."

నాగరాణి గుండె కుదుటపడింది. "అయితే ఇంక నాలుగే ఉన్నట్టు గద మేడం?"

"లేదమ్మా, పన్నెండున్నర ఉన్నది. అసలుల తగ్గింది రెండున్నరే. మిగిలిందంత వడ్డీ." ఇలాంటి ముఖాలు రోజూ చూసే మనిషి కాబట్టి మార్త నెమ్మదిగా చెప్పింది. "మొదటి ఏండ్లల్ల కిస్తు చాన మటుకు వడ్డీకే పోతది. అసలు తగ్గుడు ఆఖర్ల ఎక్కువైతది."

"పోనీ, ఇంక పదమూడేండ్లు గద."

"పదిహేను దాటుతది. నడుమల వడ్డీ రేటు పెరిగింది. కిస్తు పెంచాల్నా, గడువు పెంచాల్నా అంటె సారు గడువే పెంచుమన్నరు."

నాగరాణికి ఆ సాయంత్రం గుర్తొచ్చింది. విజయ్‌కుమార్ మిర్చి బజ్జీలు పొట్లం కట్టించుకుని వచ్చాడు. "అందరి కిస్తులు పెరిగినయ్, మనది ఒక్క రూపాయి పెరగలే. మన బ్యాంకోళ్లు మంచోళ్లు" అని వీధంతా వినపడేలా చెప్పాడు. ఆ బజ్జీలు తాను లొట్టలేస్తూ తింది. రెండేళ్ల బతుకు అమ్ముకుని బజ్జీలు తిన్నామా అని ఇప్పుడు అనుకుంది.

"అంత తీరేసరికి ఎంత కట్టినట్టు?" అడగాలంటే భయం వేసినా అడిగింది.

"ముప్పై అయిదు లక్షల దగ్గర. మళ్ల పది లక్షలు కలుపుకుంటె గడువు ఇప్పటినుంచి ఇరవై ఏండ్లకు పోతది." మార్త తెర వెనక్కి తిప్పుకుంది. "నడుమల చేతికొచ్చింది కడితె మాత్రం నేరుగ అసలుకే పోతదమ్మా. ఎవ్వరు అడగరు, నేనే చెప్తున్న."

తిరుగుదారిలో నాగరాణి ఆటోలో కూర్చుంది. పప్పుగుత్తితో కొట్టినప్పుడు తన ఇల్లు ఎలా మోగిందో అదే చెవుల్లో తిరిగింది. పదిహేనులో రెండున్నర అంటే ఆరింట ఒక వంతు. వంటింటి మూల సరిగ్గా అంతే ఉంటుంది.

సాయంత్రం విజయ్‌కుమార్ కొత్త లోను కాగితాలు పట్టుకుని ఈల వేస్తూ వచ్చాడు. గడపలో చెక్కపలక చూసి ఇదేంటన్నాడు. నాగరాణి పప్పుగుత్తి అతని చేతిలో పెట్టింది. మొదట నవ్వాడు. పలక తీసి లోపలికి చూశాక నవ్వు ఆగిపోయింది. ఆ తర్వాత ఒక్కో గదీ తడుతూ పోయాడు. బండలతో బతికే మనిషి, ఆ చప్పుడు అతన్ని మోసం చేయలేదు. అంజలి గదిలో బిడ్డ మంచం కింద దూరి చాలాసేపు తట్టాడు. అక్కడ గట్టి బండ ఒక్కటైనా దొరుకుతుందేమోనని వెతుకుతున్నాడని నాగరాణికి అర్థమై కళ్లలో నీళ్లు తిరిగాయి.

చివరికి వంటింటి మూలకు వచ్చి, గొర్రెపిల్ల పక్కన కూలబడ్డాడు. నాగరాణి బ్యాంకులో విన్నదంతా చెప్పింది.

"అంత తీరేసరికి నాకు యాభై ఎనిమిది" అన్నాడు. "పైన గదులు గూడ ఏస్తె అరవై మూడు."

"పైన గదులు వద్దు." ఆ మాట తన నోటి నుంచే రావాలి కాబట్టి నాగరాణే అంది. అన్నాక, ఎన్నడూ వేయని ఆ రెయిలింగు రంగు తలుచుకుని ఏడ్చింది కూడా.

బుగ్గమ్మ ఇంతసేపూ గోడకు ఆనుకుని వింటోంది. "మీ నాయన, నేను పాలుకు గొర్లు దీస్కొని కాసినం" అంది కొడుకుతో. "ఈనిన పిల్లల్ల సగం ఆసామికి, సగం మాకు. గట్లనే మాకు మంద అయింది. నువ్వు గూడ సగం సగం అనుకున్నవ్ బిడ్డా. బ్యాంకోళ్లు పిల్లల్ని తోల్కపోయి నీకు ఉన్ని ఇచ్చిండ్రు." సంచిలోంచి ఆకువక్క తీసి నములుతూ అంది: "సగం మంద అమ్ముత. ఇంక నేను ఎన్నింటి ఎంబడి తిరుగుత?"

విజయ్‌కుమార్ వద్దన్నాడు, కోప్పడ్డాడు, బతిమాలాడు. బుగ్గమ్మ చెవిన పెట్టలేదు. సోమవారం కొత్త లోనుకు ఎవరూ సంతకం పెట్టలేదు. ఆ పై వారం సంతలో సగం మంద పోయింది. వచ్చిన రెండు లక్షల చిల్లర పట్టుకుని అతను బ్యాంకుకు వెళ్లాడు.

ఆ మధ్యాహ్నం నాగరాణి వంటింట్లో చిక్కుడుకాయలు వలుస్తోంది. "కట్టిన" అని మొగుడి ఫోన్ వచ్చింది. ఫోన్ పెట్టేయకముందే హాల్లోంచి మొద్దుగా ఒక చప్పుడు వచ్చింది. దాని వెనకే ఇంకొకటి. కంటికి కనపడని బరువైన మనిషి ఎవరో ఒక్కో బండ మీదా కూర్చుని లేస్తున్నట్టు, వరసగా, నింపాదిగా, చప్పుడు హాలు నడిమికి వచ్చి ఆగింది. గొర్రెపిల్ల లేచి చెవులు ఆడించింది. పొయ్యి మూల దాటింది. వణక్కుండా నడుచుకుంటూ హాలు నడిమిదాకా పోయి, ఒక అతుకు దగ్గర ఆగి, వాసన చూసి, వెనక్కి తిరిగింది. నాగరాణికి సంతోషం, భయం రెండూ కలిసి వచ్చాయి. ఆ రోజే అంజలి మంచాన్ని గదిలోంచి లాక్కొచ్చి హాల్లో, అతుక్కి ఇవతల వేసింది.

మర్నాడు అజమత్ మేస్త్రిని పిలిపించి, కనీసం గడపలో బండైనా తిరిగి పెట్టమని బతిమాలింది. పగలు తలుపు తీసినప్పుడల్లా కాళ్లకు తగిలే ఆ చల్లగాలి తలుచుకుని రాత్రిళ్లు ఆమెకు నిద్ర పట్టడం లేదు.

"గీసారి వద్దమ్మా. అంత కట్టినంక పిలువుండ్రి" అన్నాడు అజమత్, బండను భద్రంగా గోడకు ఆనిస్తూ. "నేనుంటె నేనొస్త. లేకుంటె మా కొడుకు సుఫియాన్‌కు చెప్పి పెట్టిన, వాడొచ్చి ఏస్తడు." ఏదో మామూలు మాటలా చెప్పి, చాయ్ తాగి, స్కూటర్ ఎక్కాడు. అతని నెరిసిన గడ్డాన్ని నాగరాణి సందు మలుపు దాకా చూస్తూ నిలబడింది.

ఇప్పుడు ఆ ఇంటికి వచ్చినవాళ్లు బండల నునుపు సంగతి ఎత్తరు, గడపలో ఆ చెక్కేందని అడుగుతారు. "ఇంక బాకీ ఉన్నది" అంటుంది నాగరాణి, దాచుకోకుండా. వాళ్లు వెళ్లాక పలక పక్కకు జరిపి, వంగి, చీకట్లోకి చెవి పెడుతుంది. ఆమె వదిలిన గులకరాయి ఇంకా కింద పడలేదు.