గుడ్డి కార్డు

పొద్దున ఎనిమిదిన్నరకు గ్రంథాలయం తాళం తీసి, బూట్లకంటిన మంచు దులుపుకుని, ఇర్మా టెర్వో చేసే మొదటి పని 'టి' అరను లోపలికి నెట్టడం. ఆమె కోటు విప్పేలోపే అది వేలెడు బయటికి వచ్చి నిలబడేది. "వచ్చాలే, చూశాలే" అని తుంటితో ఒక్క నెట్టు నెట్టి, కాఫీ పెట్టుకోవడానికి వెళ్ళేది. ముప్పయ్యొక్కేళ్ళుగా ఇదే వరస.

అరలు అలా వాటంతట అవి రావడం ఆ ఊళ్ళో ఎవరికీ వింత కాదు. బయటికి లాగే డెబ్బైరెండు అరల పాత చెక్క బీరువా అది. ఊరి వారపత్రికలో అచ్చయిన ప్రతి చావూ, పెళ్ళీ, ఓడా, అగ్నిప్రమాదమూ ఏ సంచికలో ఏ పేజీలో ఉందో కార్డుల మీద రాసి, అక్షరక్రమంలో పేర్చి ఉంచారు. మనిషి గుమ్మంలో కాలు పెట్టగానే అతనికి కావలసిన అర కాస్త బయటికి జరుగుతుంది. నోటితో అడిగేది కాదు, నిజంగా కావలసింది. పన్ను కాగితాల కోసం వచ్చిన ఓ పెద్దమనిషికి 'విడాకులు' అర వస్తే, దాన్ని మోకాలితో మూసేసి, కాగితాలే పట్టుకుపోయాడు. ఆరు నెలల తర్వాత వచ్చి తనే తెరుచుకున్నాడు. ఎనభయ్యేళ్ళ ఐనార్ తాతకు రోజూ 'చేపలు' అరే.

"మన సరస్సులో ట్రౌటు మళ్ళీ పడతాయని ఎక్కడన్నా రాశారేమో చూడవే అమ్మాయ్."

"రాస్తే నీ ఇంటికొచ్చి చెప్పనా తాతా? కూర్చో, కాఫీ తాగు."

ఇర్మాకు వచ్చే 'టి' అరలో, సరిగ్గా మధ్యలో, ఒక కార్డుంది. ఉద్యోగంలో చేరిన మొదటి రోజే రాసుకుంది. 'టెర్వో, హెల్మి. చూడు:' అని ఉంటుంది. ఆ తర్వాత ఖాళీ.

పేరు మారిన మనిషికి అలాంటి కార్డు రాస్తారు. పాత పేరు రాసి, ఫలానా కొత్త పేరు కింద చూడు అని. హెల్మి ఇర్మాకు అక్క, నాలుగేళ్ళు పెద్ద. పంతొమ్మిది వందల నలభై ఎనిమిదిలో పెళ్ళి చేసుకుని వెళ్ళిపోయింది. ఎవరిని చేసుకుందో ఇర్మాకు తెలియదు.

నవ్వకండి. ఆ రోజుల్లో అక్కడికి వలస వచ్చిన ఫిన్నిష్ వాళ్ళు రెండు జాతులు. చర్చికి పోయేవాళ్ళు, కార్మిక సంఘం హాలుకు పోయే ఎర్రజెండా వాళ్ళు. ఒకరి ఇంట్లో ఒకరు మంచినీళ్ళు ముట్టరు. టెర్వో వాళ్ళు చర్చి వాళ్ళు. హెల్మి మనసుపడ్డవాడు ఒక్క వేసవి ఓడరేవులో పనికి వచ్చిన పరాయి ఊరి హాలు కుర్రాడు. వాడి పేరు ఇంట్లో వినపడకూడదన్నాడు తండ్రి. వినపడలేదు. 'ఆ హాలువాడు' అనేవారు, అంతే. "మంగళవారం మధ్యాహ్నం బస్సు. నువ్వు రావే. ఆయన్ని నీకు చూపిస్తా, నీ ఒక్కదానికన్నా చెప్పి వెళ్తా" అని హెల్మి చెవిలో చెప్పింది. ఇర్మా వెళ్ళలేదు. తండ్రికి భయపడి కట్టెల కొట్టంలో కూర్చుంది. బస్సు హారన్ అక్కడికి వినబడింది.

ఆ తర్వాత తపాలా పెట్టె తాళంచెవి తండ్రి జేబులో ఉండేది. ఆయన పోయేదాకా ఆ వారపత్రిక గానీ, ఒక్క ఉత్తరం గానీ ఇంట్లోకి రాలేదు. హెల్మి రాయనేలేదో, రాస్తే పొయ్యిలోకి పోయాయో. అక్క కావాలని ఇర్మా ప్రాణం ఎంత కొట్టుకున్నా, ఏ పేరుతో వెతకాలి? పత్రికల్లో పెళ్ళయిన ఆడదానికి సొంత పేరే ఉండదాయె. మొగుడి పేరుకు ముందు 'శ్రీమతి' అని తగిలిస్తే ఆ మనిషి అక్కడితో మాయం. ఏ రోజుకా రోజు ఏ వార్తలోనైనా బయటపడుతుందేమో అనే ఇర్మా ఈ ఉద్యోగంలో చేరింది.

ఎనభై ఐదు ఫిబ్రవరిలో కంప్యూటరు వచ్చింది. దానితోపాటు రాడ్నీ క్విస్ట్ అనే ముప్పయ్యేళ్ళ మనిషిని కౌంటీ, అంటే జిల్లా ఆఫీసు వాళ్ళు పంపారు. కార్డులన్నీ అందులోకి ఎక్కించాలి, తర్వాత బీరువా వేలానికి. ఖాళీ అయిన అర మళ్ళీ బయటికి వచ్చేది కాదు. ఏప్రిల్‌లో ఒక రోజు ఐనార్ తాతకు ఏ అరా రాలేదు. ముసలాయన కాసేపు నిలబడి, టోపీ పెట్టుకుని వెళ్ళిపోయాడు. ఇర్మాకు ఆ రోజు రాడ్నీ మీద మండిపోయింది.

రాడ్నీ మాత్రం చెడ్డవాడేం కాదు.

"ఇర్మా గారూ, కార్డులో అయితే మొదటి మాట తెలిస్తేనే దొరుకుతుంది. ఇందులో మధ్యలో ఉన్న మాటైనా పట్టేస్తుంది. ఏదో ఒకటి అడగండి."

ఆమె రెండు వేళ్ళతో 'హెల్మి' అని కొట్టింది. పద్నాలుగు మంది వచ్చారు. పద్నాలుగు మందీ తనకు తెలిసినవాళ్ళే, తన చేత్తో రాసినవాళ్ళే.

"నేను రాయంది నీ మిషను మాత్రం ఎక్కడినుంచి తెస్తుంది, బాబూ!" అంది.

బుధవారం అతను ఓ పొడుగాటి కాగితం తెచ్చాడు. "గుడ్డి కార్డులండి. చూడు అంటాయి, చూడబోతే అక్కడేం ఉండదు. రెండొందల పద్నాలుగు. శుక్రవారం లోపు సరిచేయకపోతే మిషను వాటిని చెరిపేస్తుంది."

గురువారం సాయంత్రానికి రెండొందల పదమూడు సరిచేసింది.

"ఈ ఒక్కటీ ఏం చేద్దామండీ?" అన్నాడు రాడ్నీ. "హెల్మి టెర్వో. మీ బంధువా?"

"మా అక్క."

అతను కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు. "ఖాళీ ఉంచితే ఒప్పుకోదండీ. ఏదో ఒక పేరు పెట్టండి. తప్పయినా ఫర్వాలేదు, తర్వాత మారుద్దాం."

"ముప్పయ్యొక్కేళ్ళలో నేను తప్పు కార్డు ఒక్కటి రాయలేదు. మా అక్క పేరు మీద మొదలుపెట్టమంటావా?"

ఆ మాట అనేసి ఇంటికి వెళ్ళింది కానీ, అన్నం సయించలేదు. ఇన్నేళ్ళూ ఆ ఖాళీని చూసుకుంటూ బతికింది. నిజం చెప్పాలంటే ఆమెకు కావలసింది ఆ కార్డు అక్కడ ఉండడమే. ఉన్నంతకాలం అక్క ఎప్పుడో వస్తుందన్నట్టే ఉండేది. రేపు అదీ పోతే, అక్క రెండోసారి వెళ్ళిపోయినట్టే. ఈసారి కూడా తను కొట్టంలోనే కూర్చుంటుందా? ఏమైనా సరే, ఎక్కడుందో తెలియాలి. ఆ కోరిక అంత గట్టిగా ఆమెకు ఎప్పుడూ కలగలేదు.

శుక్రవారం పొద్దున తలుపు తీసేసరికి 'టి' అర కదల్లేదు. అందులో ఇంకా కార్డులున్నాయి, అయినా కదల్లేదు. కోటుతోనే నిలబడి చూస్తుంటే, అడుగు వరసలో, ఎవరూ ఎన్నడూ ముట్టని అర జానెడు బయటికి వచ్చి ఉంది. మోకాళ్ళు పట్టుకుని వంగి చూసింది. అందులో ఒక్కటే కార్డు. 'రాకపోకలు. ఈ శీర్షిక సూచికలో చేర్చబడదు. ఐ.టి., 1954.'

తన దస్తూరీయే, తన పొడి అక్షరాలే.

పత్రిక ఆఖరి పేజీలో అలాంటి శీర్షిక ఒకటి ఉండేది. ఎవరు ఏ ఊరు వెళ్ళారు, ఎవరింటికి ఎవరొచ్చి కాఫీ తాగారు, ఎవరి కోడలు పుట్టింటి నుంచి తిరిగొచ్చింది. ఎవరి కబురు వాళ్ళే ఇచ్చుకునేవారు. చేరిన కొత్తలో ఇర్మా దాన్ని చూసి, ఈ చెత్తంతా కార్డులెక్కిస్తే బీరువాలు చాలవని తనే నియమం పెట్టింది. పెట్టాక మళ్ళీ ఆ పేజీ తిప్పితే ఒట్టు.

నేలమాళిగలోకి దిగి, నలభై ఎనిమిది సంవత్సరపు బైండు తీసింది. అక్టోబరు రెండో వారం. ఆఖరి పేజీ, కింద మూల.

'శ్రీ వాల్టర్ సిపోలా, శ్రీమతి సిపోలా (కుమారి హెల్మి టెర్వో) మంగళవారం బస్సులో పోర్ట్ ఆర్థర్ వెళ్ళారు. అక్కడే స్థిరపడతారు. వధువు చెల్లెలు కుమారి ఇర్మాకు ఒంట్లో బాగోలేక వీడ్కోలు చెప్పడానికి రాలేకపోయారు.'

ఆమె కింద నుంచి ఎంతసేపటికీ రాకపోతే రాడ్నీ దిగి వచ్చాడు. ఇర్మా ఆ బైండు ఒళ్ళో పెట్టుకుని, మెట్టు మీద కూర్చుని ఏడుస్తోంది.

"ఏమైందండీ?"

"ఆ రోజు నాకేం జ్వరం లేదు రాడ్నీ. గుండ్రాయిలా ఉన్నాను. నన్ను ఎవరూ ఒక మాట అనకూడదని అక్క అలా రాయించి వెళ్ళింది. బస్సెక్కుతూ కూడా నా పరువే చూసుకుంది."

అతను చేతిరుమాలు ఇచ్చాడు.

పోర్ట్ ఆర్థర్‌కు పేరు మారి పదిహేనేళ్ళయింది. ఇప్పుడు థండర్ బే అంటారు. సరస్సు ఒడ్డు వెంబడి ఉత్తరానికి వెళ్తే బస్సులో ఒక్క పూట ప్రయాణం. ఆ ఊరి టెలిఫోను పుస్తకం గ్రంథాలయంలోనే ఉంది, ఇర్మా బల్ల వెనకే, చెయ్యి చాపితే అందేంత దూరంలో. ప్రతి ఏడాదీ పాతది తీసి కొత్తది పెట్టేది తనే. అందులో సిపోలా ఒక్కరే ఉన్నారు. 'సిపోలా, హెచ్.'

ఇర్మా ముందు కంప్యూటరు దగ్గర కూర్చుంది. 'టెర్వో, హెల్మి. చూడు: సిపోలా, హెల్మి.'

"శ్రీమతి వాల్టర్ అని కదండీ మీ పద్ధతి?" అన్నాడు రాడ్నీ.

"ఆ పద్ధతి ఇవాళ్టితో సరి. నొక్కు."

మిషను ఒప్పుకుంది. బీరువాలో 'టి' అర దగ్గర ఏ చప్పుడూ లేదు.

తర్వాత ఫోను తీసింది. నంబరు తిప్పింది. అవతల నాలుగుసార్లు మోగింది. రాడ్నీ లేచి బయటికి వెళ్ళబోతే, ఉండమని చేత్తో సైగ చేసింది.

"హలో?" అంది అవతలి గొంతు. ముసలిదైపోయింది కానీ ఆ గొంతే.

ఇర్మా రిసీవరు రెండు చేతులతో పట్టుకుంది.

"హలో? ఎవరండీ?"

"అక్కా," అంది ఇర్మా. "నాకు ఒంట్లో నయమైందే."

అవతల కుర్చీ లాగిన చప్పుడైంది.

"ఎన్నాళ్ళ జ్వరమే నీది," అంది హెల్మి, ఏడుస్తూ. "మంగళవారం బస్సు ఇంకా నడుస్తోంది. ఎక్కు."