కొత్త ఆట

కొవైట్‌లోని రుమైథియాలో ఆ ఇంటి పిల్లలు బడికి పోగానే హుస్సేన్ బీ మొదట చేసే పని ఆటపెట్టెను వెతకడం. సోఫా సందులోనో, దిండు కిందో, ఒక్కోరోజు స్నానాలగదిలో తడి తువ్వాలు మీదో పడి ఉండేది. దాన్ని ఏరి తెచ్చి, దుపట్టా అంచుతో తుడిచి, హాల్లో ఛార్జింగుకి పెట్టేది. ఎర్రచుక్క పచ్చగా మారేదాకా పక్కనే నిలబడేది. ఆ తర్వాతే చీపురు. ఆ తర్వాతే కిటికీల మీద పేరుకున్న ఇసుక. ఆ తర్వాతే తన టీ.

ఆమె కాలం ఆ పెట్టెలో ఉండేది.

అరచేతిలో ఇమిడే పెట్టె అది. ఒకప్పుడు తెల్లనిది, ఇప్పుడు ముసలివాళ్ళ పళ్ళ రంగు. తెర మీద గడ్డిటోపీ పెట్టుకున్న పిల్లోడొకడు మడికి నీళ్ళు పోస్తుంటాడు, చేపలు పడుతుంటాడు, ఎంత పని చేసినా మర్నాడు మళ్ళీ అదే పని చేస్తుంటాడు. ఇంటి పెద్దకొడుకు ఫహద్‌కి ఆ పెట్టె కొనిచ్చిన రోజే హుస్సేన్ బీ రాయచోటి నుంచి ఆ ఇంట్లో దిగింది. వాడు ఆట మొదలుపెట్టాడు, ఆమె పని మొదలుపెట్టింది. అప్పట్నుంచి ఆట ఎంతవరకు వస్తే ఆమె రెండేళ్ళ కాంట్రాక్టు అంతవరకు వచ్చినట్టు. ఎవరైనా పాత ఆట చెరిపేసి కొత్తది మొదలుపెట్టారా, ఆమె మళ్ళీ మొదటిరోజులో ఉండేది.

మొదటిరోజంటే అన్నివిధాలా మొదటిరోజే. కాళ్ళ పగుళ్ళు పూడుకుపోయేవి. ఓవెన్ అంటుకుని కాలిన మచ్చ మణికట్టు మీంచి మాయమయ్యేది. పీకించుకున్న దవడపన్ను తిరిగొచ్చేది, నొప్పితో సహా. ప్లాస్టిక్ కవర్లో ఉన్న, ఆ దేశంలో ఉండనిచ్చే ఇఖామా కార్డు మీద తేదీ మారిపోయేది. జీతం కూడా మొదటినెల జీతానికి దిగేది, ఆ విషయంలో మాత్రం ఎవరూ పొరపాటు పడలేదు. ఆఫీసులో కంప్యూటర్ ముందు కూర్చున్నవాడు కార్డు చూసి, "కొత్తగా వచ్చావా?" అని అడిగి ముద్ర కొట్టేవాడు.

పోనిది మనసులోదొక్కటే. అది కూడా పోయుంటే బాగుండేదని ఆమె చాలాసార్లు అనుకుంది.

ఫహద్‌కి విసుగు పుట్టినప్పుడొకసారి చెరిపాడు. వాడి తమ్ముడు చెరిపాడు, వాడి పేరు మీద ఆట కావాలని. తర్వాత చెల్లెలు. తర్వాత సెలవులకొచ్చిన మేనత్త పిల్లలు. ఒకసారి హుస్సేన్ బీ పెట్టెను బియ్యం డబ్బాలో దాచింది. దొంగతనం కేసు పెడతామన్నారు, తీసిచ్చింది. ఇట్లా ఇరవై ఏళ్ళు. రెండేళ్ళు నిండితేగాని సెలవు లేదు గనక ఇరవై ఏళ్ళలో ఒక్కసారి కూడా ఇంటికి పోలేదు. వచ్చినప్పుడామెకు ఇరవై నాలుగు. ఇప్పుడు ఇరవై ఆరు. ఆమె మొగుడు రెండోసారికే ఇంకొకదాన్ని చూసుకున్నాడు, ఎదురుచూడ్డం ఆడదాని పని అనుకునే రకం. ఊళ్ళో వదిలొచ్చిన కూతుర్ని సాకిన తల్లి జుబేదా బీ మట్టిలో కలిసిపోయింది. ఆ కబురొచ్చిన వారంలోనే, మామా అని పిలిచే ఇంటి యజమానురాలి మేనకోడలు పెట్టె తీసుకుని, "ఇదేంటి, ఎవరిదో ఆట ఉంది" అని చెరిపేసింది. సెలవు అడిగితే మామా నొచ్చుకుంది. "హుస్సేన్ బీ, నువ్వొచ్చి ఇంకా వారం కూడా కాలేదు కదా!"

మామా చెడ్డది కాదు. పిల్లలు చెరిపిన ప్రతిసారీ "మాలేష్, మాలేష్, పర్లేదు, పిల్లలు" అని తను వాడి పక్కన పడేసిన హ్యాండ్‌బ్యాగొకటి ఇచ్చేది. మెట్లెక్కుతూ వాచిన మోకాళ్ళు పట్టుకుని ఆగి, కిందనుంచి బరువు మోసుకొచ్చే హుస్సేన్ బీని చూసి నిట్టూర్చేది. "నీదే అదృష్టం. ముసలితనం లేదు."

హుస్సేన్ బీ మంచం కింద హ్యాండ్‌బ్యాగులు వరసగా ఉండేవి. వాటిలో పెట్టుకోవడానికి ఏమీ ఉండేది కాదు.

అయితే ఈసారి కథ వేరు. ఈసారి పెట్టె లూల్వా చేతిలో ఉంది. ఇంట్లో చివరిది, ఏడేళ్ళది, హుస్సేన్ బీ వీపు మీద పెరిగింది. రోజూ ఆడి, మూసేముందు కేకేసేది. "తాలీ, ఇటు రా, హుస్సేన్ బీ! నీ కాలం దాచేస్తున్నా, చూడు." చూపించి మరీ దాచేది. రెండేళ్ళలో ఒక్కరోజు మరవలేదు. వచ్చే గురువారంతో ఆట చివరికొస్తుంది.

సాయంత్రం వీధిచివర చెత్తడబ్బా దగ్గర పక్కింట్లో పనిచేసే గంగారత్నం కలిసేది. కోనసీమ మనిషి, నోటికి తాళం లేదు.

"ఏవే బీబీ, నీ పెట్టికి మేత ఏసేవా?"

"ఏసినా. గురువారం అయిపోతాదంట అక్కా."

"ఓలమ్మో, ఇరవయ్యేళ్ళకి తెమిలిందన్నమాట. నీ కాలం బొమ్మలో ఉంది, నా కాలం మా యజమాని బాబా ఇనప్పెట్లో పాస్‌పోర్టుతో పాటుంది. నీదే నయమే. నువ్వు రోజూ కళ్ళారా చూసుకున్నావు."

సంచులు విసిరి, ముక్కు చీది, "వెళ్ళగానే ముందు పడుకోవే. లేపినోళ్ళ పీక పిసుకు" అంది గంగారత్నం.

సోమవారం మధ్యాహ్నం మామా వంటింట్లోకి వచ్చి కుర్చీలో కూలబడింది. మొహం వెలిగిపోతోంది.

"షూఫీ, చూడు, నీ బదులు వచ్చే పిల్ల. ఆఫీసుకి కట్టాల్సింది కట్టేశాను, ఖలాస్. శుక్రవారం దిగుతుంది. నీలాగే లేదూ?"

ఫోన్‌లో నీలం తెర ముందు తీసిన పాస్‌పోర్టు ఫోటో. హుస్సేన్ బీ మొదట తన ఫోటోనే అనుకుంది. తర్వాత చెవి పక్కన పుట్టుమచ్చ కనపడింది.

ముబీనా.

"ఏజెంటు సైఫుల్లా చెప్పాడు నీ కూతురేనని. నాకెంత సంతోషమో! అదే చేయి, అదే వంట. మళ్ళీ నేర్పే పని లేదు."

"మామా, ఈ పిల్ల వద్దు. ఇంకొకర్ని తెచ్చుకోండి."

"ఎందుకు? మేం నిన్ను కొట్టామా? తిండి పెట్టలేదా?"

కొట్టలేదు. తిండి పెట్టారు. హుస్సేన్ బీ చేతిలోని కోడిని మళ్ళీ కడిగింది, ఇంతకుముందే కడిగినదాన్ని.

ఏజెంటు సైఫుల్లాకి ఫోన్ చేసింది. అతను తొలిరోజుల్లో అక్కా అనేవాడు. జుట్టు నెరిసే కొద్దీ చెల్లీ అన్నాడు. ఇప్పుడు "ఏం అమ్మాయ్" అన్నాడు. "నీ కూతురే వచ్చి అడిగింది అమ్మాయ్. నువ్వు ఖాళీ చేస్తే దానికి వీసా. నువ్వు ఖాళీ చేయకపోతే లేదు. నాదేముంది మధ్యలో?" అతని మధ్యలో ఏముందో ఆమెకు తెలుసు.

ఆ తర్వాత ముబీనాకి చేసింది. ఎప్పటిలాగే ఒకే మాటతో మొదలుపెట్టింది. ఐదేళ్ళ పిల్లప్పట్నుంచి మొదలుపెట్టే మాటే.

"తిన్నావా, పాపా?"

"తినిన్యాలే. నీకు చెప్పేసిందా ఆయమ్మ? నేనే చెప్దామనుకుంటి."

వీడియోలో ఇద్దరి మొహాలు పక్కపక్కన ఉన్నాయి. కొత్తవాళ్ళెవరైనా చూస్తే అక్కచెల్లెళ్ళనుకుంటారు. ఊళ్ళోవాళ్ళు అనుకోరు. వాళ్ళమ్మ కాలం కొవైట్‌లో ఉంది గదా అంటారు, అంతే.

"ఈడికి రావద్దు ముబీనా. యాడికైనా పో, ఈ ఇంటికి రాకు."

"యాడికి పోవాల? డిగ్రీ చేసి బట్టలషాపులో బిల్లులు కొడతాండా. కూర్చోనీకి స్టూలు కూడా ఇయ్యరు. పెండ్లి మాటెత్తితే మా అమ్మ వచ్చినాక అంటా. ఎన్నాళ్ళనల్ల మా అట్ల? నువ్వు రా, కూర్చో. రెండేండ్లు నేను చేసొస్తా."

"రెండేండ్లు కాదే అది!"

"నీకు కాలా. నాకైతాది."

"అంటే?"

ముబీనా అనేసింది. "నువ్వు సేవ్ చేసుకోలేకపోయినావు మా. నీకు రాదు. నేను చదువుకున్న్యా. దిగినరోజే పెట్టె చేతికి తీసుకుని సేవ్ చేసుకుంటా. ఎవడు చెరుపుతాడో చూస్తా."

అది అబద్ధం కాదు. ఒకసారి చెరిపింది ఆమే.

అప్పుడు ఇంట్లో అందరూ పెళ్ళికి పోయారు. కాలమంతా నిండటానికి నెల ఉంది. ఒక్కసారి తన చేత్తో దాచుకుందామని పెట్టె తీసింది. తెర మీద అరబ్బీలో రెండు మాటలు. అరబ్బీ అక్షరాలు ఆమెకొచ్చు, చిన్నప్పుడు రాయచోటి మసీదులో హజరత్ బెత్తం కింద నేర్చుకున్నవే. అర్థం ఒక్కమాటకీ తెలీదుగాని, ఏ మాటైనా కూడబలుక్కుని చదివేస్తుంది. హిఫ్జ్ అంటే తెలుసు, ఖురాన్‌ని గుండెల్లో దాచుకోవడం. హజరత్ తమ్ముడు హిఫ్జ్ చేసినవాడే. దాచుకోవడమంటే అదే మాట అయుండాలి. తెర మీద వేలు పెట్టి వెతికింది. రెండు మాటల్లోనూ హే ఉంది, ఫే ఉంది, జ ఉంది. అరబ్బులకి జ అనేవి వేరువేరు అక్షరాలు, వేరువేరు పలుకులు. రాయచోటి నాలుకకు అన్నీ ఒకటే జ. ఫే ముందొస్తే హిఫ్జ్, దాచు. జ ముందొస్తే హజ్ఫ్, చెరుపు. ఆమె బిస్మిల్లా అనుకుని హజ్ఫ్ నొక్కింది.

పెళ్ళినుంచి వచ్చి మామా తలబాదుకుంది. "నమాజు చేస్తావు, ఇంత చిన్నమాట చదవలేవా?" ఆసారి బ్యాగు కూడా ఇవ్వలేదు.

తర్వాత ఎన్నో ఏళ్ళకి లూల్వాయే నేర్పింది, బుల్లివేలు తెరకి ఆనించి. "చుక్క చూడు, హుస్సేన్ బీ. మధ్యలో అక్షరం నెత్తిన గుండ్రంగా ఉంటే దాచేది. కొడవలిలాగుంటే చెరిపేది." పిల్ల అంతే చెప్పింది, ఇక మర్చిపోలేదు.

"వింటాండావా మా?" అంటోంది ముబీనా. "రేపు మెడికల్ కాయితాలు చేతికొస్తాయి. గురువారం రాత్రి మద్రాసులో ఎక్కుతా. నువ్వు దిగేతప్పుడు నేనెక్కుతా, ఎయిర్‌పోర్టులో గూడా కనపడంలే." నవ్వింది. ఆ నవ్వులో కొంచెం గర్వముంది, అమ్మను విడిపించే కూతురి గర్వం.

మంగళవారమంతా హుస్సేన్ బీ ఆలోచించలేదు. కర్టెన్లు ఉతికింది. ఫ్రిజ్ వెనక తుడిచింది. చదువుకున్న పిల్ల వస్తుంది, నిజమే. పెట్టెను చేతికి తీసుకుంటుంది, ఎవరిస్తే? దాస్తుంది, ఎవరి ఇంట్లో? లూల్వా పెద్దదవుతుంది. ఫహద్‌కి కొడుకు పుట్టాడు, పాకుతున్నాడు, దొరికిందల్లా నోట్లో పెట్టుకుంటున్నాడు. ఎప్పుడో ఒకరోజు వాడు నొక్కుతాడు. ముబీనాకి పన్ను తిరిగొస్తుంది. తేదీ తిరిగొస్తుంది. మామా ఒక హ్యాండ్‌బ్యాగు తెచ్చిస్తుంది.

బుధవారం పిల్లలు బడికి పోయారు. హుస్సేన్ బీ పెట్టెను వెతికింది. లూల్వా ఈసారి దాన్ని ఎక్కడా పడేయలేదు, హుస్సేన్ బీ దిండు మీదే పెట్టి వెళ్ళింది, పక్కన ఒక చాక్లెట్. రేపటికి బహుమానం.

చాక్లెట్ తీసి పక్కన పెట్టింది. పెట్టెను తుడిచింది. ఛార్జింగుకి పెట్టి, చుక్క పచ్చబడేదాకా ఆగింది. అలవాటు.

తెరిచింది. గడ్డిటోపీ పిల్లోడు మడి గట్టున నిలబడి ఉన్నాడు. పంటంతా కోతకొచ్చి ఉంది. ఇంకొక్క రోజు నీళ్ళు పోస్తే చాలు. హుస్సేన్ బీ ఈసారి అక్షరాలు కూడబలుక్కోలేదు. మధ్యలో కొడవలిలాగున్న మాట వెతికింది. హే, జ, ఫే.

నొక్కింది.

నిజంగానా, అని పెట్టె అడిగింది. ఇరవై ఏళ్ళలో ఆమెను ఆ మాట అడిగింది అదొక్కటే. నఅమ్, అవును, అని నొక్కింది.

తెర నల్లబడింది. మడి పోయింది, చేపలు పోయాయి, పిల్లోడు పోయాడు. పాదాల్లో చిన్న చలి మొదలై పైకి పాకింది. మడమలు నున్నబడ్డాయి. మణికట్టు మీద మచ్చ చూస్తుండగానే లేతబడి ఆరిపోయింది. దవడలో పన్ను లేచి పోటు పెట్టింది. గోడ మీద రేపటి టికెట్ కాగితం అట్లాగే వేలాడుతోంది, పనికిరాని కాగితంగా.

పెట్టెలోంచి పాట మొదలైంది, తొలిరోజు పాట. నీ పేరేంటి, అని అడిగింది. హుస్సేన్ బీ వేలు కాసేపు గాల్లో ఆగింది. తర్వాత లూల్వా అని కొట్టింది. లేకపోతే పిల్ల ఏడుస్తుంది.

ఎట్లయినా ఏడ్చింది. "నేను దాచాను! నిన్న కూడా దాచాను మామా, వల్లా, ఒట్టు!" అని నేలకేసి కాళ్ళు కొట్టింది. మామా వంటింటి గుమ్మంలో నిలబడి లేతగా మారిన హుస్సేన్ బీ మొహం చూసి నుదురు కొట్టుకుంది. "హరాం, మిస్కీనా, పాపం! ఒక్కరోజులో..." ఫోన్ తీసి సైఫుల్లాకి చెప్పింది, పిల్లని ఆపమని. ఖాళీ లేదు, పాత మనిషే కొత్తగా వచ్చింది.

లూల్వా ఏడుపు ఆపి హుస్సేన్ బీ వైపు ఒక్కసారి చూసింది. పిల్లకి అర్థమైంది. తర్వాత ఆమె వీపు మీదకి ఎక్కలేదు, ఎక్కడానికి పెద్దదయ్యానంది.

సాయంత్రం చెత్తడబ్బా దగ్గర గంగారత్నం ఆమెను దీపం కింద అటూ ఇటూ తిప్పి చూసింది. ఏదో అనబోయి, నోరు మూసుకుని, ఆమె చేతిలో సంచి తీసుకుని తానే విసిరింది.

ఫోన్ మోగింది. ముబీనా.

"వీసా క్యాన్సిల్ అంట." అంది. "షాపులో పని మానేసొచ్చినా మా. అందరికీ చెప్పుకున్న్యా. ఎవరు చెరిపినారు?"

హుస్సేన్ బీ దవడ పట్టుకుంది.

"నువ్వేనా?"

"రెండూ ఒకే తీరుగుంటాయి ముబీనా ఆ మాటలు. నాకు రాదు గదా, నువ్వే అంటివే."

ముబీనా ఫోన్‌ని మొహానికి దగ్గరగా పెట్టుకుంది. తెర మీద ఇద్దరూ ఒకర్నొకరు చూసుకున్నారు. ఒకామెకు ఇరవై ఐదు, కళ్ళ కింద నిద్రలేని నలుపు. ఇంకొకామెకు ఇరవై నాలుగు, నిన్ననే ఊరినుంచి దిగిన మొహం.

"నాకోసం ఇంక ఆగొద్దే," అంది హుస్సేన్ బీ. "పెండ్లి చేసుకో. లేదంటే మానుకో. ఆగడం మాత్రం వద్దు."

ముబీనా తిట్టబోయింది. నోరు తెరిచింది. ఎదురుగా ఉన్న ఆ లేత మొహాన్ని, దవడ పట్టుకుని నొప్పి ఓర్చుకుంటున్న దాన్ని చూసింది. తిట్టు ఎటో పోయింది. నోట్లోంచి ఇంకొక మాట జారింది, ఇద్దరిలో ఎవరూ సరిదిద్దని మాట.

"తిన్నావా, పాపా?"